టైరు మీద మీ పేరు తెల్లగా, పుట్టిన వారం నల్లగా

టైరు పక్కభాగం, అంటే సైడ్‌వాల్ మీద ఏ అక్షరం ఎక్కడుండాలో తేల్చే టైరు కంపెనీల డిజైనర్లకు నమస్కారం.

మాధవరం నుంచి రెడ్‌హిల్స్ పోయే జీఎన్‌టీ రోడ్డు పక్కన నాకో టైర్ల షాపు ఉంది. మాది సూళ్లూరుపేట దగ్గర పల్లె. పంక్చర్ పని నేర్చుకుందామని 1996లో చెన్నై వచ్చాను, మళ్ళీ తిరిగి పోలేదు. నెల్లూరు, ఒంగోలు బళ్ళు చాలావరకు చెన్నైలోకి దిగేది ఈ వైపు నుంచే కాబట్టి రోజులో సగం బేరాలు తెలుగులోనే నడుస్తాయి. మీరూ నాకు దూరం వాళ్ళేం కాదు. 1946లో తిరువొత్తియూరులో బొమ్మ బుడగలు చేసే చిన్న షెడ్డుగా మొదలైన ఎంఆర్‌ఎఫ్ దగ్గర్నుంచి ఒరగడం, శ్రీపెరంబుదూరు, తేర్వాయ్ కండిగై ఫ్యాక్టరీల దాకా, సరిహద్దు దాటితే మా వైపు చిన్నపాండూరు దాకా, నా చుట్టూ ఉన్నవన్నీ టైర్లు పుట్టే ఊళ్ళే. మీలో ఎవరో ఒకరు ఎప్పుడో ఒకసారి మా షాపు ముందునుంచే పోయి ఉంటారు.

నేను అడగబోయేది ఒక్కటే. మీ పేరు రాసుకునే ఆ తెల్ల రబ్బరులో కాస్త, టైరు ఏ వారం తయారైందో చెప్పే నాలుగంకెలకి కూడా పెట్టండి. అది కూడా రెండు వైపులా.

రోజుకి ఒక్కరైనా అడుగుతారు: "అన్నా, నా టైర్లు ఎన్నేళ్ళవి?" జవాబు టైరు మీదే ఉంటుంది. అండాకారపు చిన్న గడిలో నాలుగంకెలు. 2319 అని ఉంటే 2019లో 23వ వారం అన్నమాట. అంటే జూన్ నెల. ఇంత సులువుగా చదవగలిగే అంకెలు ఎక్కడుంటాయి? చాలా టైర్లకి ఒక పక్కనే ఉంటాయి. ఆ పక్క లోపలికి తిరిగి ఉందా, ఇక నా పని మొదలు. గోనెసంచి పరుచుకుని, బండి కిందకి తల దూర్చి, నోట్లో టార్చి పెట్టుకుని, తడిగుడ్డతో బురద తుడుచుకుంటూ చక్రం చుట్టూ వెతకాలి. దొరికేది బియ్యపు గింజంత అంకె, నలుపు మీద నలుపు. అదే టైరుకి బయటి పక్కన మీ కంపెనీ పేరు రెండు వేళ్ళ ఎత్తున, సున్నం కొట్టినంత తెల్లగా, రోడ్డుకి అవతల టీ కొట్టు బెంచీ మీద కూర్చున్నవాడికి కూడా కనిపిస్తుంటుంది.

తెల్ల అక్షరాల మీద నాకు కోపం ఉందనుకోవద్దు. ఈ పనిలో నాకు నచ్చినవాటిలో అవీ ఒకటి. 1999లో అనుకుంటా, కోట అనే ఊరి వైపు నుంచి రొయ్యల చెరువుల ఆసామి ఒకాయన జీపు వేసుకొచ్చాడు. తెల్ల అక్షరాల టైర్లు దగ్గరగా చూడటం నాకదే మొదలు. గాలి పట్టించుకోవడానికి ఆగిన మనిషి, నేను అలా చూస్తూ ఉండిపోవడం గమనించి నవ్వి, కడగమన్నాడు. పళ్ళుతోముకునే బ్రష్షు, బట్టల సబ్బు తీసుకుని ఒక్కో అక్షరం అంచు వెంబడి రుద్దాను. నాలుగు చక్రాలకీ గంటన్నర పట్టింది. యాభై రూపాయలిచ్చాడు. ఆ రోజుల్లో మూడు పంక్చర్ల డబ్బు.

అది పెయింటు కాదని ఆ రోజే అర్థమైంది, ఎలా వచ్చిందో మాత్రం తెలియలేదు. చాలా ఏళ్ళ తర్వాత, టైరు ఫ్యాక్టరీలో చేసే మా వైపు కుర్రాడొకడు బైకు పంక్చర్‌కి వచ్చినప్పుడు చెప్పాడు. పచ్చి టైరు, అంటే ఇంకా ఉడకనిది, కట్టేటప్పుడే సైడ్‌వాల్‌లో ఒక తెల్ల రబ్బరు పట్టీ పెడతారట. దానిమీద పల్చగా నల్ల పొర. అచ్చులో ఉడికేటప్పుడు అక్షరాలు ఉబ్బెత్తుగా లేస్తాయి. బయటికి తీశాక ఆ ఉబ్బెత్తు మీద మాత్రం నల్ల పొరని అరగదీస్తే లోపలి తెలుపు బయటపడుతుంది. వేసవిలో రెడ్‌హిల్స్ రోడ్డు పొడుగునా తాటికాయలు చెక్కి అమ్ముతుంటారు కదా, నల్ల తొక్క పోతే ముంజ తెల్లగా కనపడుతుంది, అచ్చం అలాగే. మీకు తెలిసిన సంగతే మీకు చెబుతున్నాను, ఏమనుకోకండి. ఈ ఉత్తరం చదివే బండివాళ్ళలో చాలామందికి ఇది తెలియదు. తెలియకపోతే ఎంత ప్రమాదమో తర్వాత చెబుతాను.

అక్షరం నిండా తెల్లగా ఉంటే అది ఆర్‌డబ్ల్యూఎల్ (రైజ్డ్ వైట్ లెటర్స్). అంచు గీత మాత్రమే తెల్లగా ఉండి కడుపు నల్లగా ఉంటే ఓడబ్ల్యూఎల్ (ఔట్‌లైన్డ్ వైట్ లెటర్స్). మా షాపులో దాన్ని బోలు అక్షరం అంటాం, ముగ్గులో చుక్కల చుట్టూ గీత తిప్పినట్టుంటుంది. నాకైతే నిండు అక్షరం కంటే ఇదే అందం. మురికి పట్టినా ముఖం చిన్నబోదు. అక్షరం లేచి ఉండి, రంగు మాత్రం నలుపే అయితే ఆర్‌బీఎల్ (రైజ్డ్ బ్లాక్ లెటర్స్). ఏ హంగూ లేనిది బీఎస్‌డబ్ల్యూ (బ్లాక్ సైడ్‌వాల్), మామూలు నల్ల టైరు. మన రోడ్ల మీద ఎక్కువగా కనిపించేది అదే. ఇక ఎర్రగీత టైరు. అమెరికాలో 1964లో పాంటియాక్ జీటీవో కారుతో వచ్చినవాటికి సైడ్‌వాల్ చుట్టూ సన్నటి ఎర్రగీత ఉండేది. ఫొటోల్లో తప్ప నేను చూడలేదు. పాతకార్ల ర్యాలీలకి చెన్నై వచ్చే బళ్ళకి మాత్రం వెడల్పాటి తెల్ల పట్టీ టైర్లు కళ్ళారా చూశాను, ఒకసారి స్టెప్నీకి గాలి కూడా కొట్టాను.

ఆ తెల్ల పట్టీ కథ తమాషాగా ఉంటుంది. మొదట్లో టైర్లు అన్నీ లేత రంగులోనే ఉండేవి. రబ్బరు రంగే అంత, పైగా అందులో జింక్ ఆక్సైడ్ కలిపేవాళ్ళు. 1910ల్లో కార్బన్ బ్లాక్ అనే మసిలాంటి నల్లపొడి కలిపితే రబ్బరు చాలాకాలం అరగకుండా వస్తుందని తేలింది. రోడ్డుకి తగిలే భాగానికి మాత్రం నలుపు కలిపి, పక్కల్ని తెల్లగానే వదిలేశారు. అంటే తెల్ల పక్కల టైరు అప్పట్లో చవక సరుకు, మొత్తం నల్లగా ఉన్నదే గొప్ప. తర్వాత తర్వాత అంతా తిరగబడింది. నలుపు అందరికీ వచ్చేసరికి తెల్ల పట్టీ షోకైంది, కార్లు కొనేవాళ్ళు దానికి వేరే డబ్బు కట్టారు. 1960లు వచ్చేసరికి ఆ పట్టీ సన్నబడి, మెల్లగా అక్షరాలకి చోటిచ్చింది. మా ఊళ్ళో పెద్దపంచె అంచు సన్నబడ్డట్టే.

నీలం రంగు సంగతి కూడా చెప్పాలి. కొత్త తెల్ల అక్షరాల టైరు మా దగ్గరికి వచ్చేటప్పుడు అక్షరాల మీద నీలం పూత ఉంటుంది. గోడౌన్‌లో పక్కనున్న నల్ల రబ్బరు మరకలు అంటకుండా మీరే పూస్తారు. నీళ్ళు పోసి బ్రష్షుతో రుద్దితే పోతుంది, బండి రోడ్డెక్కకముందే కడిగేయాలి. ఒక అబ్బాయి వేరే చోట బిగించుకుని నెలన్నర అలాగే తిరిగాడు. కడుగుతానంటే ఒప్పుకోడే! "అన్నా, నాకు బ్లూ అక్షరాలే కావాలి, అందుకే ఎక్కువ పెట్టి కొన్నా" అన్నాడు. ఎండకి ఆ పూత గట్టిపడిపోయింది. ఎంత తోమినా మచ్చలు మచ్చలుగా మిగిలింది. కవర్ మీద నాలుగు ముక్కలు పెద్దగా రాస్తే ఏం పోయింది మీకు?

తెలుపుని కాపాడుకోవడం కష్టం. నల్ల రబ్బరు పగలకుండా కలిపే మందు మెల్లగా పైకి ఊరుతూ ఉంటుంది. గాలి తగిలి గోధుమరంగుకి తిరుగుతుంది, తెలుపుని కూడా మాపేస్తుంది. మా షాపులో తెల్ల టైర్లు పేర్చేటప్పుడు తెల్ల ముఖానికి తెల్ల ముఖం, నల్ల వీపుకి నల్ల వీపు ఆనిస్తాం. కొత్తగా చేరిన పిల్లలకి మొదట నేర్పే పాఠం అదే. ఇంత ఇబ్బంది ఉందని తెలిసి కూడా మీరు మీ పేరుకి మరక పట్టని ప్రత్యేకమైన తెల్ల రబ్బరు వాడతారు, లోపల అడ్డుపొర వేస్తారు, అరగదీతకి వేరే మిషను పెడతారు. మీకు చేతకాక కాదని నేననేది అందుకే.

తెలియకపోతే ప్రమాదం అన్నాను కదా. రెండేళ్ళ కింద కాలేజీ కుర్రాడొకడు, వాళ్ళ నాన్న కారుకి తెల్ల అక్షరాలు తెప్పిద్దామని మామూలు నల్ల టైరు మీద గ్రైండర్ పెట్టాడు. ఫోన్‌లో ఎవరో అరగదీస్తే లోపల తెలుపు వస్తుందని చూపించారట. అన్ని తాటికాయల్లోనూ ముంజలుండవు కదా నాయనా! ఎంత అరగదీసినా నలుపే. ఇంకాస్త, ఇంకాస్త అంటూ పోయి మూడో అక్షరం దగ్గర లోపలి దారాలు కనపడేదాకా తీసుకెళ్ళాడు. సైడ్‌వాల్‌కి ప్యాచ్ వేయకూడదు, అక్కడ దెబ్బ తగిలిన టైరు పక్కన పడేయాల్సిందే. రెండు టైర్లు పోయాయి. వాళ్ళ నాన్న నా ముందు తిట్టలేదు, పాపం ఇంటికెళ్ళాక ఏమైందో.

పెయింటు పెన్నులతో రంగు వేసుకునేవాళ్ళ వల్ల అంత నష్టం లేదు. ఒక వాన పడితే పెచ్చులు పెచ్చులుగా లేచిపోతుంది. ఆయుధపూజకి చక్రాల కింద నిమ్మకాయలు పెట్టేరోజు లారీల మీద, ఆటోల మీద ఆ రంగులు చూడ్డానికి బాగుంటాయి కూడా. నా భయమంతా ఆ పెన్ను పట్టుకునే దుకాణాలతోనే.

నాయుడుపేట నుంచి ఒక రిటైర్డ్ మాస్టారు, ఆయన భార్య 2024లో ఆసుపత్రి పని మీద పదిహేను రోజులకోసారి చెన్నై వచ్చేవాళ్ళు. పాత బొలెరో. వెనక చక్రంలో గాలి తగ్గుతోందని మా దగ్గర ఆగారు. చూస్తే రెండు వెనక టైర్లకీ నిగనిగలాడే తెల్ల అక్షరాలు. "నెలన్నర అయిందయ్యా వేయించి. కొత్తవే, కొద్దిగా తక్కువకి ఇచ్చారు" అన్నాడు మాస్టారు. సైజు 235/75 ఆర్15. బటన్, అంటే రోడ్డుకి తగిలే పైభాగం, బాగానే ఉంది, పెద్దగా అరగలేదు. కానీ బటన్ లోతు వయసు చెప్పదు. చేత్తో తడిమితే అక్షరాల చుట్టూ సైడ్‌వాల్ చర్మం ఎండిన చెరువు మట్టిలా సన్నగా పగిలి ఉంది. గోటితో గీస్తే తెలుపు ఊడొచ్చింది. అది రంగు. జాకీ ఎక్కించి, చక్రం ఊడదీసి, లోపలి పక్క తుడిచి చూస్తే నాలుగంకెలు 2315. తొమ్మిదేళ్ళ టైరు. ఎక్కడో వాడకుండా పడేసిన సరుకో, ఏ బండికో స్టెప్నీగా ఏళ్ళతరబడి ఎండిందో. మాస్టారికి ఆ అంకెలు చూపించాను. కళ్ళజోడు సర్దుకుని రెండుసార్లు చదివారు. "ముప్పయ్యేళ్ళు లెక్కలు చెప్పాను. ఇక్కడో తారీఖు ఉంటుందని నాకెవరూ చెప్పలేదే" అన్నారు. పక్కనే ఆవిడ ఆసుపత్రి ఫైలు ఒళ్ళో పెట్టుకుని కూర్చుని ఉంది.

పైన పటారం లోన లొటారం అంటారు మా ఊళ్ళో. ఆ పటారాన్ని అమ్మిన దుకాణం ఏదో ఆయన చెప్పారు. నేనిక్కడ రాయను, మీ కంపెనీది ఆ తప్పు కాదు కూడా. కానీ ఆ దుకాణంవాడు దేనికి రంగు వేశాడో చూడండి. మీ పేరుకి. జనం కొత్తదనం కోసం ఎక్కడ చూస్తారో వాడికి తెలుసు. తారీఖు కూడా అచ్చులోంచే తెల్ల రబ్బరుతో, మీ పేరు పక్కనే, నిలబడి చదివేంత పెద్దగా ఉంటే వాడు మాస్టారిని ఏ మాట చెప్పి ఒప్పించేవాడు?

తెలుపుతో సమాచారం చెప్పడం టైర్లకి కొత్తేం కాదు. గుడ్‌ఇయర్ పాలీగ్లాస్ జీటీ టైరు ఫొటో ఒకసారి తెరిచి చూడండి. కంపెనీ పేరుతోపాటు ఎఫ్60-15 అనే సైజు కూడా తెల్లగా, ఉబ్బెత్తుగా ఉంటుంది. ఫార్ములా వన్‌లో 2019 నుంచి పొడి రోడ్డు టైర్లకి మూడే రంగులు. గట్టి రబ్బరుకి తెలుపు, మధ్యరకానికి పసుపు, మెత్తటిదానికి ఎరుపు. కొద్దిపాటి తడికి ఆకుపచ్చ, జోరు వానకి నీలం. ఎక్కడో స్టాండ్‌లో కూర్చున్నవాడు కూడా ఏ కారు ఏ టైరు మీద ఉందో చెప్పేస్తాడు. మా షాపు నుంచి ఇంకా ఉత్తరానికి పోతే షోలవరం, అక్కడి పాత రన్‌వే మీద ఒకప్పుడు కార్ల రేసులు జరిగేవి. రేసులకి పనికొచ్చిన తెలివి నాయుడుపేట మాస్టారికి పనికిరాదా?

అంత దూరం ఎందుకు, మా లారీ ఓనర్లనే అడగండి. కొత్త టైరు కొన్న రోజే ఇనుప అచ్చు ఎర్రగా కాల్చి సైడ్‌వాల్ మీద తమ నంబరు వేయిస్తారు. దొంగతనం జరగకుండా, రీబటన్‌కి, అంటే అరిగిన టైరుకి కొత్త బటన్ వేయించడానికి, పంపినప్పుడు టైరు మారిపోకుండా. కొందరు దాని పక్కన బిగించిన నెల, సంవత్సరం కూడా వేయిస్తారు. చదువు రాని క్లీనర్ కూడా చీకట్లో వేలితో తడిమి అది ఏ టైరో చెబుతాడు. సైడ్‌వాల్ మీద ఏది పెద్దగా ఉండాలో వాళ్ళు మీకంటే ముందే తేల్చుకున్నారు.

మీ ఇబ్బంది నేనెరగనిది కాదు. మీ పేరు అచ్చులో ఒకసారి చెక్కితే ఏళ్ళపాటు అదే. తారీఖు ప్లేటు వారం వారం మారాలి. ఆ చిన్న ప్లేటు ఉన్నచోట తెల్ల పట్టీ రావాలి, ఉబ్బెత్తు సరిగ్గా లేవాలి, అరగదీసే మిషను అంత చిన్న అంకెల దగ్గర ఎక్కువతక్కువలు చేయకూడదు. అంకెలు పెద్దవైతే ఆ చివరి బాధ తగ్గుతుందనుకుంటాను. పూర్తి నల్ల టైర్లకి తెల్ల పట్టీ పెట్టాలంటే ఖర్చు పెరుగుతుందని మీరంటారు. సరే, అవి వదిలేయండి. ఇప్పటికే తెల్ల అక్షరాలతో అమ్మేవాటికైనా మొదలుపెట్టండి, వాటిమీదే కదా రంగుల మోసం ఎక్కువ. నల్లవాటికి కనీసం రెండు పక్కలా వేయండి, వేలెడంత ఎత్తులో వేయండి. దానికి తెల్ల రబ్బరు అక్కర్లేదు, మనసుంటే చాలు.

ఇంకో మాట. సైజు పక్కన ఉండే 105ఎస్ లాంటి గుర్తులు. 105 అంటే ఆ టైరు 925 కిలోలు మోస్తుందని, ఎస్ అంటే గంటకి 180 కిలోమీటర్లకి మించొద్దని. ఇదీ తెల్లగా ఉంటే బాగుండునని మా షాపు కుర్రాళ్ళు అంటారు. నేనైతే పట్టుబట్టను. దాన్ని చదవడం మా పని, మేం చదువుతాం. తారీఖు మాత్రం కొనేవాడు చదవాలి, దుకాణంవాడి సాయం లేకుండా చదవాలి. తేడా అక్కడుంది.

మీ డిజైన్ గదిలో టైరు బల్ల మీద పడుకోబెట్టి ఉంటుందేమో, మంచి లైటు కింద, రెండు పక్కలూ తిప్పి చూసుకోవచ్చు. అందుకే నా కోరిక ఇంకొకటి. మీలో ఒక్కరైనా ఒక ఆదివారం మా షాపుకి రండి. ఉదయం తొమ్మిదిలోపు అయితే నెల్లూరు బళ్ళు ఆగుతాయి, మంచి కాఫీ కూడా దొరుకుతుంది. మురికి పట్టిన కారొకటి చూపిస్తాను, నాలుగు చక్రాలూ ఊడదీయకుండా నాలుగు తారీఖులు రాసివ్వండి. గోనెసంచి, టార్చి, తడిగుడ్డ నా దగ్గరున్నాయి. మోకాళ్ళు మాత్రం మీవే తెచ్చుకోండి.

ఇట్లు,
జీఎన్‌టీ రోడ్డు పక్కన టైర్ల షాపు నడిపే ఒక తెలుగువాడు, చెన్నై